జున్నుపాల క్యానులో బెల్లం ముక్క

ఆ రోజుల్లో నాకు ఉద్యోగం కొత్త, జీతం కొత్త, అబద్ధాలు మాత్రం పాతవే. చిన్నప్పుడు కడుపునొప్పి అని బడి ఎగ్గొట్టినవాణ్ణి, హైదరాబాదులో సాఫ్ట్‌వేర్ కంపెనీలో చేరాక ఆ కడుపునొప్పికే ‘రిలీజ్ ఉంది’ అని పేరు మార్చుకున్నాను. ఆ మాటలో సుఖం ఏమిటంటే, భీమవరంలో మావాళ్లెవరికీ దాని అర్థం తెలియదు. (నాకూ పూర్తిగా తెలియదనుకోండి, అది వేరే సంగతి.) రిలీజ్ ఉందనగానే అమ్మ గొంతు తగ్గించి ‘పోన్లే నాన్నా, వేళకి తిను’ అనేది. నాన్న ఫోన్ పెట్టేసేవారు. ఇరవై నాలుగేళ్ల కుర్రాడి చేతికి అంత తేలిగ్గా పనిచేసే మాట ఒకటి దొరకడం మంచిది కాదని ఇప్పుడు తెలుస్తోంది.

అలాంటి రోజుల్లో అక్క ఫోన్ చేసింది. అక్క అత్తవారిది కూడా భీమవరమే. రొయ్యల చెరువులున్న కుటుంబం, ఇంటినిండా మనుషులు. “వచ్చే ఆదివారం బుజ్జిగాడికి చెవులు కుట్టిస్తున్నాంరా. శనివారానికల్లా వచ్చెయ్” అంది. మా వైపు చెవులు కుట్టేటప్పుడు పిల్లాడు మేనమామ ఒళ్లో కూర్చోవాలి. అంటే నా ఒళ్లో. నేను ఏమాత్రం ఆలోచించకుండా “ఆదివారం రిలీజ్ ఉందక్కా” అన్నాను. అక్క మెల్లగా అంది: “బారసాలకీ ఇదే చెప్పావు. మా ఆడపడుచులు, అసలు నీకు తమ్ముడున్నాడా, పెళ్లికి అద్దెకి తెచ్చుకున్నారా అని నవ్వుతున్నార్రా. ఈసారి కూడా నీ బదులు ఇంకెవర్నో కూచోబెడితే నేను వాళ్ల ముందు తలెత్తుకోలేను.” నాకు నిజంగానే జాలేసింది. జాలిపడి, మళ్లీ ‘రిలీజ్’ అనే అన్నాను.

ఎందుకంటే సరిగ్గా ఆ శని, ఆదివారాలే మా ఆఫీసువాళ్లు అందరినీ విహారయాత్రకి తీసుకెళ్తున్నారు. అందులో టెస్టింగ్ విభాగం అమ్మాయి ఉంది. వరంగల్ పిల్ల. మేము రాసిన వాటిలో తప్పులు పట్టుకోవడమే ఆమె ఉద్యోగం. నా తప్పులు పట్టుకున్నప్పుడల్లా నవ్వేది కాబట్టి, ఆ నవ్వు నా కోసమే అనుకునేవాణ్ణి. అక్క పరువుకీ, ఆ అమ్మాయి పక్క సీటుకీ మధ్య నేను ఎటు మొగ్గానో చెప్పాలంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది. ఆ పక్క సీటు కూడా దొరకలేదు. తీరా బస్సు ఎక్కాక తెలిసింది, మేము వెళ్లేది మొగల్తూరు దగ్గర చెరువుల మధ్య కొత్తగా పెట్టిన రిసార్టుకని. శనివారం పొద్దున్న బస్సు భీమవరం మీదుగా వెళ్తుంటే, మా వీధి మొగ దాటేదాకా సీటు కింద దూరి లేని చెప్పు వెతుక్కున్నాను.

రిసార్టులో మొదటి కార్యక్రమం ‘మన చేత్తో మనమే: సంప్రదాయ జున్ను వర్క్‌షాప్’. మా టీమ్ లీడ్ ఇది లోకల్ చీజ్ అని అందరికీ చెప్పాడు. ఒకతను పిజ్జా మీద వేసుకోవచ్చా అని అప్పుడే అడగడం మొదలుపెట్టాడు. నేను మాత్రం టెస్టింగ్ అమ్మాయి పక్కన చేరి, జున్ను గురించి నాకు తెలియనిది లేదన్నట్టు చెప్పుకుపోతున్నాను. (తినడం ఒక్కటే తెలుసు.) ఇంతలో రిసార్టు మేనేజరు వచ్చి, “మా ఓనరు సారు వాళ్ల అక్కగారు చూపిస్తారండి. రేపు భీమవరంలో మనవడి ఫంక్షనుకి జున్నుపాలు పట్టుకెళ్దామని పుట్టింటికొచ్చారండి. తమ్ముడు అడిగాడని ఓ గంట మీకోసం ఆగారు. పాలకి డబ్బులిస్తామంటే కూడా, జున్నుపాలు అమ్ముకుంటారా ఎవరన్నా అని కేకలేశారండి” అన్నాడు. అతని వెనకే, చేతిలో స్టీలు క్యానుతో, నేత చీరలో, అక్క అత్తగారు నడిచి వచ్చారు.

అక్క అత్తగారి పుట్టిల్లు ఏ ఊరో గుర్తుపెట్టుకునే తమ్ముడు ఆంధ్రదేశంలో ఒక్కడైనా ఉంటే చూపించండి. ఆ సమయంలో నన్ను కాపాడింది పరిశుభ్రత. వంట దగ్గరికి వచ్చేవాళ్లందరికీ తలకి ప్లాస్టిక్ టోపీ, మూతికి మాస్కు, ఒంటికి ఏప్రన్ ఇస్తున్నారు. అందరికంటే ముందు తీసుకుని అన్నీ తగిలించేసుకున్నాను. కళ్లు తప్ప ఏమీ కనపడకుండా వెనక వరసలో నిలబడ్డాను. ఆవిడ నన్ను చూసింది పెళ్లిలో ఓసారి, ఆ తర్వాత ఓసారి. గుర్తుపట్టరులే అనుకున్నాను.

“మీదే ఊరు బాబూ?” అని వరసగా అందరినీ అడుగుతూ నా దగ్గరికి వచ్చారు. “హైదరాబాద్. ఏంది, ఏం పని చెయ్యాలె?” అన్నాను గొంతు మార్చి. టెస్టింగ్ అమ్మాయి నా వైపు వింతగా చూసి, “ఇదేంది, ఇట్ల మాట్లాడుతున్నవ్? పానం మంచిగలేదా?” అంది. అక్క అత్తగారు పాఠం మొదలుపెట్టారు. జున్నుపాలు దూడ కడుపు నిండాకే మనం తీసుకోవాలనీ, ఈ పాలు చిక్కన కాబట్టి గ్లాసుకి రెండు గ్లాసులు మామూలు పాలు కలపాలనీ, బెల్లం కరగబెట్టి వడకట్టాలనీ చెబుతున్నారు. గట్టిపడుతుందో లేదో తెలుసుకోడానికి గరిటెలో కాసిని పాలు పోసి మంట మీద పట్టి చూపిస్తే, మావాళ్లంతా ఫోన్లు పైకెత్తి వీడియోలు తీశారు. నాకు ధైర్యం వచ్చింది. సరిగ్గా ధైర్యం వచ్చాకే ఏదో ఒకటి చేస్తాను నేను.

“ఆ వెనకాల బాబు, ఈ పాలు గిన్నెలోకి వంపి క్యాను ఇలా ఇవ్వండి” అన్నారు. వెళ్లాను. జాగ్రత్తగా సగం పాలు వంపాను. చాలన్నారు. మిగిలిన సగం పక్కనున్న ఇంకో పాత్రలో పోయమన్నారు, పోశాను. క్యాను ఖాళీ అయింది. మా ఇంట్లో చిన్నప్పటినుంచీ ఒక పద్ధతి ఉంది. ఎవరైనా ఏదైనా పంపితే ఆ గిన్నె ఖాళీగా తిరిగి వెళ్లకూడదు. అందులోనూ జున్నుపాలు తెచ్చిన గిన్నె అసలే వెళ్లకూడదు. చిటికెడు పంచదారో, నిమ్మకాయో, ఏదో ఒకటి వేసి ఇవ్వాలి. పదేళ్లపాటు వీధిలో అందరి గిన్నెలూ తిరిగిచ్చి వచ్చిన చేతులు ఇవి. నన్ను ఒక్క మాటైనా అడగకుండా, ఎదురుగా ఉన్న బెల్లం పళ్లెంలోంచి ఒక ముక్క తీసి క్యానులో వేసి, మూత పెట్టి ఆవిడ చేతికి ఇచ్చేశాయి.

ఆవిడ క్యాను అందుకున్నారు. లోపల టంగుమని చప్పుడైంది. మూత తీసి చూశారు. అక్క కూడా వాళ్లింట్లో గిన్నెలు ఇలాగే తిరిగిస్తుందని నాకు అప్పుడు గుర్తొచ్చింది. తర్వాత నా కళ్లలోకి చూశారు. “బెల్లం అండ్ల ఎందుకేసినవ్?” అని అడిగింది టెస్టింగ్ అమ్మాయి, అలవాటు ప్రకారం తప్పు పట్టుకుంటూ. నా బదులు అక్క అత్తగారే చెప్పారు: “హైదరాబాదులో అలా వేస్తారు కాబోలమ్మా.”

అక్కడినుంచి నాకు మొదలైంది. ఇది శిక్షో, వర్క్‌షాపో తెలియకుండా శిక్ష వేయడంలో ఆవిడ తర్వాతే ఎవరైనా. ‘హైదరాబాద్ బాబుగారూ, కాస్త ఆ మిరియాలు నూరండి.’ నూరాను. ‘ఇంకా మెత్తగా అండి.’ నూరాను. ‘పొయ్యి సన్నగిల్లింది, ఊదండి బాబూ.’ మాస్కు తీస్తే దొరికిపోతాను, తీయకపోతే ఊదలేను. విసనకర్ర పట్టుకుని, కళ్లమ్మట నీళ్లు కారుతుంటే, గిన్నెలో గిన్నె పెట్టి ఉడికిస్తున్న ఆ జున్ను ముందు అరగంట కూర్చున్నాను. మిగతావాళ్లు నీడలో కొబ్బరినీళ్లు తాగుతున్నారు. టెస్టింగ్ అమ్మాయి కూడా.

జున్ను అద్భుతంగా కుదిరింది. ముక్కలు కోసి అందరికీ పెట్టారు. పిజ్జా అతను మూడుసార్లు అడిగి పెట్టించుకున్నాడు. నా వంతు వచ్చేసరికి ఆవిడ చెయ్యి ఆగిపోయింది. “మీకు ఇప్పుడు పెట్టనండి. రేపు మా మనవడికి చెవులు కుట్టిస్తున్నాం. వాడి మేనమామకి పాపం పనిపడి రాలేకపోతున్నాట్ట. మీరెలాగూ ఖాళీయే కదా. మిగిలిన పాలు క్యానులో పోసి ఫ్రిజ్‌లో పెట్టించాను, పొద్దున్న తొమ్మిదింటికల్లా భీమవరంలో మా కోడలికి అందించాలి. మా కారులో క్యానుకి చోటు లేదు.” బయట ఏడుగురు పట్టే కారు ఉంది. అందరూ చెయ్యి కడుక్కోవడానికి వెళ్లాక, గొంతు తగ్గించి, ఏకవచనంలోకి దిగారు. “నీ కోసం కాదు. రెండు రోజులనుంచి అది వంటింట్లో కళ్లు తుడుచుకుంటోంది. నేను చూడలేదనుకుంటోంది. నీకు సెలవు దొరికిందనీ, వస్తున్నావనీ ఇంట్లో చెప్తాను. అంతకుమించి నాచేత అబద్ధాలాడించకు.” నేను మాస్కు తీసి “అలాగే అత్తయ్యగారూ” అన్నాను.

టెస్టింగ్ అమ్మాయికి జరిగిందంతా చెప్పాను. నా నిజాయితీకి మెచ్చుకుంటుందనుకున్నాను. “అక్కకు అబద్ధం చెప్పి, నా పక్కన కూసోనీకి వచ్చినవా?” అంది. ఆ తర్వాత ఆమె నాతో ఆఫీసు విషయాలు తప్ప మాట్లాడలేదు.

ఆదివారం పొద్దున్న, ఒళ్లో చల్లటి క్యాను పెట్టుకుని బస్సులో భీమవరం వెళ్లాను. తలుపు తీసింది అక్కే. నన్ను చూసింది. క్యాను చూసింది. నేను దారంతా బట్టీపట్టిన మాట మొదలుపెట్టాను: “మా లీడ్‌ని బతిమాలి…” అక్క వినలేదు. వెనక్కి తిరిగి, “వదినా! మా తమ్ముడొచ్చాడు! అంత పనీ వదులుకుని వచ్చాడు!” అని ఇల్లంతా వినపడేలా అరిచింది. ఆ గొంతులో ఉన్న సంతోషం విని, తలొంచుకుని చెప్పులు విప్పాను. తర్వాత కంసాలి వచ్చాడు, బుజ్జిగాడు నా ఒళ్లో కూర్చుని లంకంత ఇల్లు ఎగిరిపోయేలా ఏడ్చాడు, వాళ్లు నాకు పెట్టిన కొత్త పంచె తడిపాడు. అక్క అత్తగారు ఎదురుగా కుర్చీలో కూర్చుని, “ప్రయాణం బాగా జరిగిందా బాబూ, హైదరాబాదు నుంచి?” అని అందరి ముందూ అడిగారు.

ఆ రోజు అక్కని మోసం చేశానన్న బాధ చాలా ఏళ్లు ఉండిపోయింది. పోయినేడాది, బుజ్జిగాడు మూతిమీద మీసం తడుముకునే వయసుకి వచ్చాక, ఇక ఆగలేక అక్కతో అంతా చెప్పేశాను. అక్క గోరుచిక్కుళ్లు తుంచుతూ విని, “తెలుసురా” అంది. “ఆ శనివారం మధ్యాహ్నమే అత్తయ్యగారు ఫోన్ చేశారు. మీ వాడు దొరికాడు, రేపు వస్తాడు, ఏమీ అనకు అన్నారు. మా ఆడపడుచులు కూడా పక్కనే ఉండి విన్నారు.”

“మరి తలుపు దగ్గర అలా అరిచావేంటి?”

“వచ్చావు కదరా” అంది, ఇంకో గోరుచిక్కుడు తీసుకుంటూ.

అంటే ఆ పూట ఆ ఇంట్లో అందరికీ అంతా తెలుసు. ఎవరూ కనిపెట్టలేదన్న ధీమాతో, తడిసిన పంచెతో, రిలీజ్ కష్టాలు ఒక్కొక్కళ్లకీ వర్ణించి చెబుతూ తిరిగిన ఆ ఇరవై నాలుగేళ్ల వెధవని తలుచుకుంటే నవ్వొస్తుంది. వాడు చెప్పిందంతా తలలూపుతూ విని, పాపం అలిసిపోయి ఉంటావని ఇంకో ముక్క జున్ను పెట్టారు వాళ్లంతా.