భీమక్క డైలాగు

మా ఊళ్లో ఎవరు పోయినా అందరూ ముందు భీమక్క కోసమే చూస్తారు. ఆమె వచ్చి శోకాలు మొదలుపెడితేనే చావింటికి కళ. బతికున్నప్పుడు ఎంత పనికిమాలినవాడైనా సరే, ఆమె ఏడుపు విన్నాక మహానుభావుడనిపిస్తాడు. అరవై దాటేదాకా ఈ విద్యకు ఆమెకు దక్కింది గ్లాసెడు టీ మాత్రమే.

పోయినేడు భద్రాచలం రోడ్డు మీదుగా ఒక వెబ్ సిరీస్ వాళ్లు మా ఊళ్లో దిగారు. డైరెక్టరు లిఖిత, ఖమ్మం పిల్ల. భీమక్క మొగుడు బొజ్జయ్య మీసానికి రంగేసుకుని అందరికంటే ముందు వెళ్లి నిలబడ్డాడు. తీరా కెమెరా చూడగానే కట్టెలా బిగుసుకుపోయాడు. వేషం రాలేదు. ఇక్కడి పేర్లేవైనా చెప్పమని లిఖిత అడిగితే మాత్రం ఛాతీ విరిచి తన పేరే చెప్పాడు. అది నచ్చి ఆ పిల్ల, కథలో చచ్చిపోయే ముసలాయనకు పెట్టేసింది. ఆ ముసలాయన పెళ్లాం వేషానికి భీమక్కను తీసుకుంది.

డైలాగు ఒక్కటే. శవం మీద పడి, "బొజ్జయ్యా, నన్నెవరికి అప్పజెప్పి పోయినవ్?" అనాలి.

భీమక్కకు చెమటలు పట్టాయి. మొగుడి పేరు పలికితే ఆయుష్షు తగ్గుతుందని మా ఆడవాళ్ల భయం. రేషన్ దుకాణంలో అడిగినా పక్కవాళ్లచేత చెప్పిస్తుంది. ఇంట్లో కూతురి పేరు కలిపి 'వనజ నాయిన' అంటుంది. కోపమొస్తే ఆ మర్యాద కూడా ఉండదు.

"వనజ నాయినా, నన్నెవరికి..." అని అందుకుంది. లిఖిత ఆపించింది.

"వనజ ఎవరమ్మా? కథల వీళ్లకు పిల్లల్లేరు."

"ముసలాయన పేరు మార్చు బిడ్డా. గది నా నోట రాదు."

"మిగతా సీన్లన్నీ గదే పేరుతో తీసినం. అనలేకపోతే చెప్పు, శారదమ్మను పెడత."

వెనక వీధి శారద పేరు వినగానే భీమక్క ముఖం మాడిపోయింది. శారద ఏడిస్తే పక్కింటి పిల్లి కూడా లేచి చూడదు. అదీగాక భీమక్కకు ఈ వేషం కావాలి. ఇన్నేళ్లూ ఊరి శవాల కోసం ఏడ్చింది, ఒక్కసారి తన కోసం ఏడవాలని ఉంది. పైకి అనలేదు గాని, పొద్దున్నే తలంటుకుని వచ్చినప్పుడే మాకు తెలిసిపోయింది.

శవంగా పడుకున్న నటుడు అప్పటికి గుర్రుపెడుతున్నాడు. లేపి మళ్లీ చంపారు. భీమక్క పుస్తెలు కళ్లకద్దుకుని, కళ్లు గట్టిగా మూసుకుంది.

"బొజ్జయ్యా..."

"ఆఁ, ఏందే?" అన్నాడు గుంపులోంచి బొజ్జయ్య.

పెళ్లయిన ఇన్నేళ్లలో పెళ్లాం నోట తన పేరు వినడం అదే మొదలు. పలక్కుండా ఎట్లా ఉంటాడు? యూనిట్ అంతా పడీపడీ నవ్వింది. భీమక్క మాత్రం వెనక్కి తిరిగి, "నువ్వు సచ్చినవ్, నోర్మూసుకో" అంది.

బొజ్జయ్య తువ్వాలు నోట్లో కుక్కుకున్నాడు. ఈసారి ఆమె ఏడ్చిన ఏడుపుకు లిఖిత కట్ చెప్పడం మరిచిపోయింది. నాకూ కళ్లు తడిశాయి, దాచుకోను. బొజ్జయ్యయితే తన చావుకు తానే వెక్కివెక్కి ఏడ్చాడు.

సాయంత్రం ఇంటికి పోతూ బెరుకుబెరుగ్గా అడిగాడు.

"నిజంగ నేను పోతే గూడ గిట్లనే ఏడుస్తవా?"

భీమక్క ఆగకుండా నడుస్తూనే జవాబిచ్చింది.

"కెమెరా తెప్పియ్యి, ఏడుస్త. ఉత్తగ ఏడ్సుడు బంద్."