చెయ్యి ఎత్తితే తప్ప తెలియని కొలత

కరోనా తగ్గి రెండో ఏడాది. ఒమన్‌లోని సీబ్‌లో, బజారు వెనక సందులో మా టైలరింగ్ షాపు. కడప జిల్లా నుంచి వచ్చి అప్పటికి పన్నెండేళ్లుగా అక్కడే కుడుతున్నాను. నేను చదివింది మూడో తరగతి. ఈ రాతలో తప్పులు దిద్దింది మా మనవరాలు. ఒక్క మాట కూడా పెంచొద్దని దానికి ముందే చెప్పాను.

మేం ఎక్కువగా కుట్టేది కంపెనీ యూనిఫారాలు. కత్తిరించగా మిగిలిన ముక్కను నేను పారేయను. ఒక్కో థాన్‌కు, అంటే ఒక్కో బట్ట చుట్టకు, ఒక సంచి పెట్టి దాని మీద నంబరు రాస్తాను. ఈ చెత్త ఎందుకని షాపు మేడమ్ అడిగినప్పుడల్లా, చెత్త అయిన రోజు నేనే చెబుతానని జవాబిచ్చేదాన్ని.

ఆ రోజుల్లోనే పోశెట్టి అనే ప్లాస్టరింగ్ మేస్త్రీ నేను కుట్టిన నీలం యూనిఫారం చొక్కా పట్టుకొచ్చాడు. నిజామాబాద్ వైపు మనిషి. చంక దగ్గర కుట్లు ఊడిపోయాయి. అది మూడోసారి.

"అవ్వా, మల్ల ఊడినయ్. జెర కుట్టియ్యరాదే."

"చొక్కా తొడుగుతావా, దాంతో కుస్తీ పడతావా? నీ రూమ్‌లో ఉండే డ్రైవర్‌ది కూడా నేను కుట్టిందే. వానిది చినగంది నీది యాల చినుగుతాది?"

"నాకేం ఎర్క అవ్వా. నేనైతే గుంజలే."

బట్టను జాగ్రత్తగా వాడటం తెలియని మనిషని తిట్టి, రెండు వరసలు కుట్టి పంపాను.

మరునాడు సలీం భాయ్ వచ్చాడు. హైదరాబాద్ వాడు. మస్కట్‌లో ఒక ఆర్కెస్ట్రా వాళ్ల బట్టలూ సామానూ చూసుకునే ఉద్యోగం. నలభై నల్లకోట్లు కావాలన్నాడు. నాకు తెలిసిన ఆర్కెస్ట్రా అంటే పెళ్లిలో సినిమా పాటలు పాడే జట్టు.

"నలభై మందా? ఎవురింట్లో పెండ్లి?"

"పెండ్లి గాదమ్మా, సింఫనీ. పాడేటోళ్లు ఉండరు. అంత వాయించుడే. నాలుగు భాగాలు, ముప్పావు గంట."

"పాట లేకుండా ముప్పావు గంట ఎవురు కూచుంటారు?"

"టికెట్ కొని కూసుంటరు" అన్నాడు నవ్వుతూ.

నాకేమీ అర్థం కాలేదు. అయినా కొలతలు నావి. అందరినీ నిటారుగా నిలబెట్టి, చేతులు కిందికి వదలమని, ఛాతీ, భుజం, స్లీవ్ నేనే తీసుకున్నాను. కోట్లు తయారయ్యాక ట్రయల్‌కు అద్దం ముందు వరసగా నిలబడ్డారు. ఒక్క ముడత లేదు. మేడమ్ కూడా ముచ్చటపడింది.

మూడో రోజు పదహారు కోట్లు తిరిగొచ్చాయి. ప్రోగ్రాం ఇంకో వారంలో ఉంది. కోట్లతో పాటు మైసా అనే ఒమానీ అమ్మాయి వచ్చింది. వయోలిన్ వాయిస్తుంది. అక్కడి వాళ్లలో చాలామందికి వచ్చినట్టే ఆమెకూ హిందీ వచ్చు.

"ఖాలా, హాత్ ఊపర్ నహీ జాతా" అని, పిన్నీ చెయ్యి పైకి పోవడం లేదంటూ, ఎత్తబోయి సగంలో ఆపేసింది.

సింఫనీలో మూడో భాగం మధ్యలో అందరూ ఆగితే మైసా ఒక్కతే కాసేపు వాయించాలట. ఐదేళ్లుగా వెనక వరసలో కూర్చున్న పిల్లకు అది మొదటిసారి. రిహార్సల్‌లో కోటు పట్టేసి కమాను, అంటే వయోలిన్ వాయించే పుల్ల, తీగ మీద నుంచి జారిందట. ఇంకోసారి అలా జరిగితే ఆ ముక్క వేరే అమ్మాయికి ఇస్తానని వాళ్లను నడిపించే పెద్దాయన చెప్పేశాడు. ఆ పిల్ల ఏడవలేదు గానీ, కోటును నా బల్ల మీద పరిచి చంక దగ్గర వేలు పెట్టి చూపించింది.

టేపు పెట్టి మళ్లీ కొలిచాను. అంతా సరిగ్గానే ఉంది. సరే, బిగుతేమో అనుకుని ఆర్మ్‌హోల్, అంటే చెయ్యి దూరే కంత, మైసా కోటుకు అరంగుళం కిందికి తవ్వి వదులు చేశాను. వదులైతే చెయ్యి ఆడాలి కదా? మరునాడు ఆమె మళ్లీ వచ్చింది.

"ఖాలా, ఇంకా ఎక్కువ పట్టేస్తోంది."

వదులు చేస్తే బిగుతవడమేమిటి? టేపు అబద్ధం చెప్పదు, ఆ పిల్లా అబద్ధం చెప్పదు. నాకు దిక్కు తోచలేదు. చివరికి సలీం భాయ్‌కి ఫోన్ చేశాను.

"వాళ్లు వాయించేటప్పుడు నేను సూడాల. తీసకపో."

రిహార్సల్ హాల్లో నన్ను ఒక మూల కూర్చోబెట్టాడు. వాళ్లు మొదలుపెట్టగానే నా అయోమయం రెట్టింపైంది. నలభై మందిలో పదహారు మంది చేతుల్లోనూ వయోలినే. అందులో సగం మంది వాయించేది ఒకటే వరస.

"ఒకే పనికి ఇంతమందా? ఒగరు చాలరా?" అని సలీం చెవిలో అడిగాను.

"షురూల కొద్దిమందే ఉండె అమ్మా. దొరల మహళ్లల్ల వాయిస్తుండె. నాటకం తెర లేసే ముందు వాయించే చిన్న ముక్క ఉండె. గదే పెరిగి పెరిగి సింఫనీ అయింది. తర్వాత టికెట్ కొనే జనానికి పెద్ద పెద్ద హాళ్లు కట్టిండ్రు. మైకులు లేకుండె గద. హాల్ పెద్దగైతే మనుషులు పెరగాలె."

"ముందర నిలబడినాయన చేతిలో కట్టె సప్పుడే చేయదు. ఆయనకు జీతం యాల?"

"మంది పెరిగినంక, ఒకల చెయ్యి ఒకలకు కనబడక ఆయన వచ్చిండు. అంతకుముందు వాయించేటోళ్లల్లనే ఒకలు తల ఊపి నడిపిస్తుండె."

"మరి ఈ నల్లకోటు?"

"దొరల కాలంల, వంటోళ్లకు ఇచ్చినట్టే వీళ్లకు గూడ దొరనే యూనిఫారం ఇస్తుండె. తర్వాత, హాల్‌కు వచ్చే పెద్దమనుషులు ఏం కోటు ఏసుకుంటే వీళ్లు గూడ అదే ఏసుకునుడు షురూ చేసిండ్రు."

అంటే వాయించేవాళ్ల కోసం పుట్టిన కోటు కాదు. ఊరికే కూర్చుని వినేవాళ్ల కోటు.

అప్పుడు ముందరి పెద్దాయన రెండు చేతులూ ఎత్తాడు. ఆయన కోటు మేం కుట్టింది కాదు. చేతులు తలదాకా లేచినా ఆ కోటు నడుం దగ్గర కదల్లేదు. రిహార్సల్ మధ్యలో విరామం ఇవ్వగానే నేరుగా వెళ్లి, కొంచెం చెయ్యి ఎత్తమని సైగ చేసి, ఆయన చంక కింద వేళ్లు పెట్టి చూశాను. ఆయన బిత్తరపోయాడు. సలీం తల పట్టుకున్నాడు.

"అమ్మా! ఆయన మా అందరికి బాస్!"

"బాసైతే సంక ఉండదా?"

ఆయన కోటు ఆర్మ్‌హోల్ చిన్నది, చంకకు ఆనుకుని ఉంది. చెయ్యి లేస్తే స్లీవ్ ఒక్కటే లేస్తుంది. నాది గాలి ఆడాలని కిందికి కత్తిరించింది. చెయ్యి లేస్తే కోటంతా వెంట లేస్తుంది. పొడుగు గొట్టాలు ఊదేవాళ్ల కోట్లు ఎందుకు తిరిగి రాలేదో, పదహారు వయోలిన్లవే ఎందుకు వచ్చాయో అప్పుడు తెలిసింది. తవ్విన కొద్దీ నేను ఇంకా పాడు చేశానన్న మాట.

కత్తిరించిన బట్టను వెనక్కి తేలేం. చంక కింద నాలుగు మూలల ముక్క వేసి ఆ ఖాళీని పూడ్చాలి. బజారులో నల్లబట్ట తెచ్చి పెట్టి చూస్తే లైటు కింద ఒకటి ఆకుపచ్చగా కనిపించింది, ఇంకొకటి ఎరుపు కొట్టింది. నలుపు ఒకటే రంగనుకునేవాళ్లు టైలర్లు కారు. నా సంచి తీశాను. అదే థాన్, అదే నలుపు. పదహారు కోట్లకూ సరిపోయింది. మిగిలిన ముక్కల్ని మేడమే సంచిలో వేసి మూతి కట్టింది.

ఈసారి ట్రయల్‌కు మైసాను వయోలిన్ తెమ్మన్నాను, కూర్చుని వాయించమన్నాను. చెయ్యి పైకి లేచింది. కోటు కూర్చున్న చోటే ఉంది.

ప్రోగ్రాం రోజు సలీం నాకు స్టేజీ పక్కనే కుర్చీ ఇప్పించాడు. మొదటి భాగం అయిపోయింది. ఒక్కరూ చప్పట్లు కొట్టలేదు. హాలంతా మౌనం. ఎవరి కోటో పిగిలిపోయిందనుకుని పక్కనున్న సలీం చెయ్యి పట్టి గుంజాను.

"ఏమైంది?"

"ఏం గాలేదమ్మా. నాలుగు భాగాలు అయ్యేదాక కొట్టరు. గది రివాజు."

మూడో భాగంలో అందరూ ఆగారు. మైసా ఒక్కతే వాయించింది. ఏం వాయించిందో, బాగుందో లేదో నేను చెప్పలేను. నా కళ్లు ఆమె చంక మీదే ఉన్నాయి. కమాను చివరిదాకా వెళ్లి తిరిగొచ్చింది. ఎక్కడా ఆగలేదు. ఆమె పెదవుల మీద చిన్న నవ్వు వచ్చింది.

మరుసటి నెల పోశెట్టి వచ్చాడు. చొక్కాను వీపు వెనక దాచుకుని గుమ్మంలోనే ఆగాడు.

"అవ్వా, తిట్టనంటే లోపలికొస్త."

"తిట్టను. రా. నువ్వు పని చేసేదెట్లనో సూపించు."

"ఈడనా?"

"ఈడనే. ఆ చొక్కా తొడుక్కుని."

పోశెట్టి మా షాపు కప్పు కేసి చూసి, లేని తాపీ పట్టుకుని రెండు చేతులూ ఎత్తాడు. చొక్కా బొడ్డు పైదాకా లేచింది. చంక దగ్గర నా రెండు వరసల కుట్టూ పళ్లికిలించింది. రోజంతా కప్పుకు సిమెంటు పూసే మనిషికి, చేతులు కిందికి వదిలి నిలబడే కొలత ఇచ్చాను. చినిగితే తిట్టాను కూడా.

"అవ్వా, చేతులు గుంజుతున్నయ్. దించన్నా?"

"ఉండు. ఇంగా సూడలేదు" అని నీలం థాన్ ముక్కల సంచి కోసం వంగాను.

ఇప్పుడు నా కొలతల పుస్తకంలో ఛాతీ కంటే ముందు ఒక వరస ఉంటుంది. అందులో ఆ మనిషి చేసే పని రాస్తాను.