ఇస్పేటు అంచు చీర

పెనుకొండ స్టేషన్‌లో రైలు ఆగినప్పుడల్లా నేను తల దించుకుని ఫోన్ చూసుకుంటాను. ఏళ్ల తరబడి ఇదే పని. ధర్మవరంలో రైలెక్కి హిందూపురంలో దిగేవాడికి మధ్యలో పెనుకొండ రాకుండా పోదు కదా. రైలు అక్కడ ఆగినంతసేపూ నా గుండెల మీద ఎవరో ఎక్కి కూర్చున్నట్టు ఉంటుంది. రైలు కదిలాక కూడా లేచిపోరు. ఈ బరువు గురించి ఇంట్లో చెప్పలేదు, స్నేహితులకు చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు తెలియదు. అందుకే మీకు చెప్పగలుగుతున్నాను. పిరికివాడికి ఇంతకంటే ధైర్యం ఎక్కణ్నుంచి వస్తుంది?

ఎక్కడ మొదలుపెట్టాలి? ఆట దగ్గరే మొదలుపెట్టాలి.

హిందూపురంలో మా కిరాణా కొట్టు వెనక వీధిలో టీవీ గేముల అంగడి ఒకటి ఉండేది. అందులో ఒక పరుగు ఆట. దాని పేరు చెప్పను. ఇప్పటికీ కొత్త కొత్త భాగాలు వస్తూనే ఉన్నాయి, ఆడేవాళ్లు ఈపాటికి గుర్తుపట్టే ఉంటారు. ఏ భాగం తీసుకున్నా ఎక్కడో ఒకచోట కాసినో లెవెల్ తగులుతుంది. పైన నల్లటి ఆకాశం, కింద రంగు దీపాల ఊరు. గోడల మీద ఇస్పేటు, ఆఠీను, డైమను, కళావరు మెరుస్తుంటాయి. మన బొమ్మ బంతిలా ముడుచుకుని అటూ ఇటూ తగిలి ఎగురుతుంది. తిరిగే చక్రాల డబ్బాలో పడి మూడు బొమ్మలు కలిస్తే పైనుంచి వాన కురిసినట్టు బహుమతులు. తర్వాత ఆ కంపెనీ వాళ్లే తీసిన కార్ల పందెం ఆటలోనూ ఒక కాసినో ట్రాక్ పెట్టారు. ఇల్లంతేసి పాచికల మధ్య నుంచి, పేకముక్కల వంతెన మీద నుంచి కారు దూసుకుపోయేది.

మిగతా లెవెళ్లలో ముళ్లు, మంటలు, నీళ్లలో ఊపిరాడక చావడం. కాసినోలో మాత్రం చావడం కష్టం. కింద పడబోతే మళ్లీ పైకి కొడుతుంది. కొట్లో నాయనతో తిట్లు తిని వచ్చిన నాకు అదే స్వర్గం. కాసినో అంటే జూదమాడే చోటని కూడా నాకప్పుడు తెలియదు. రంగుల ఊరనుకున్నాను. నిజం. ఒట్టు. కానీ నా ఒట్టు ఎవరికి కావాలి?

టీవీకి ముక్కు ఆనించి చూస్తే ఆ బొమ్మలన్నీ చిన్న చిన్న గళ్లు. ఆ గళ్ల పిచ్చే నన్ను ధర్మవరం తీసుకెళ్లి చీరల డిజైనర్ని చేసింది. పట్టుచీర డిజైను కూడా గళ్లే, ఒక్కో గడి ఒక్కో పోగు. కంప్యూటర్లో నేను గళ్లు నింపితే, దాని ప్రకారం అట్టలకు బెజ్జాలు కొట్టి మగ్గానికి తగిలిస్తారు. నేసేవాడు తొక్కితే, అట్ట ఏ పోగులు లేపమంటే అవే లేస్తాయి. ఏ బొమ్మ వస్తుందో నిర్ణయించేది నేను. నేసేవాడు కాదు. ఈ ఒక్క మాట గుర్తుపెట్టుకోండి.

ఒక పెళ్లికి ముహూర్తం చీర కావాలని మగపెళ్లివాళ్లు ధర్మవరంలో నాకు పనిచ్చిన షావుకారుకు చెప్పారు. అంచు ఎవరూ చూడనిదిగా ఉండాలన్నారు. నాకు అదే మొదటి పెద్ద పని. రోజుల తరబడి మామిడి పిందెలూ హంసలూ గీసి గీసి విసిగిపోయాను. చివరికి నా చెయ్యి దానంతటదే ఆ గోడల మీదికి పోయింది. ఇస్పేటు గీశాను. చూస్తే రావి ఆకులా ఉంది. ఆఠీను తమలపాకు. కళావరు మూడు రేకుల పువ్వు. డైమను ఎలాగూ మన అంచుల్లో ఉండేదే. బంగారు జరీతో వరసగా పేర్చాను. తెలిసే చేశానా? తెలిసే చేశాను. అప్పటికి నేను చిన్నపిల్లవాణ్ని కాదు, పేకముక్కలంటే ఏమిటో తెలియనివాణ్నీ కాదు. ఎవరూ కనిపెట్టలేరులే అని లోలోపల నవ్వుకున్నాను కూడా. ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పటికీ నా మొహం మీద నేనే ఉమ్మేసుకోవాలనిపిస్తుంది.

ఆ చీర నేసింది భూషణన్న. షావుకారు ఇచ్చిన పట్టును తన ఇంట్లో మగ్గం మీద నేసే మనిషి. ఆయన చేతి చీరకు వెలితి ఉండదని అందరూ అనేవాళ్లు. ఆయనకు ఒకప్పుడు పేకాట పిచ్చి. భార్య సుశీలక్క మెడలోవి, చేతులవి అన్నీ ఆ పిచ్చికే పోయాయి. చివరికి ఆమె పుట్టింటికి పోతానంటే, కదిరి నరసింహస్వామి ఎదుట కర్పూరం ఆర్పి ప్రమాణం చేశాడు, మళ్లీ ముక్క ముట్టనని. ముట్టలేదు. పెళ్లిళ్లలో మగవాళ్లు చాప పరిచి పేక తీస్తే ఈయన లేచి ఆడవాళ్ల వైపు వచ్చి కూర్చునేవాడు. దానికీ ఎగతాళి చేసేవాళ్లు. చేసుకోనీలే అనేవాడు.

మా మగ్గాల మీద ఆ రకం చీరను తిరగేసి నేస్తారు. మంచివైపు కిందికి ఉంటుంది, నేసినంత మేరా చుట్టుకుపోతూ ఉంటుంది. భూషణన్నకు పైన కనబడింది వెనకవైపు పోగులే. చీర మడతపెట్టి ఇచ్చేటప్పుడు పైకి కనబడిన ఒక్క బొమ్మ చూసి, రావి ఆకు బాగుందప్పా అని నన్నే మెచ్చుకున్నాడు.

ఆడపెళ్లివాళ్లది లేపాక్షి పక్క పల్లె. సేద్యగాళ్లు. పెళ్లికూతురి తండ్రి పేకాటలో చేలన్నీ పోగొట్టుకుని బావిలో పడి చచ్చిపోయాడట. మాకెవరికీ తెలియదు. పీటల మీద కూర్చున్న పిల్ల పక్కకు ఆమె అవ్వ వచ్చి, చీర అంచు కళ్ల దగ్గర పెట్టుకుని చూసిందట. ఇస్పేటు, ఆఠీను, డైమను, కళావరు. కొడుకును తిన్న బొమ్మల్ని ఆ తల్లి గుర్తుపట్టదా? మమ్మల్ని ఎగతాళి చేయడానికే ఈ చీర తెచ్చారని పెళ్లి పందిట్లో గొడవ. పెద్దలు సర్ది, వేరే చీర కట్టించి తాళి కట్టించారు. ఈ చీర మాత్రం మా షావుకారు అంగట్లో, ఆయన మొహాన వచ్చి పడింది.

షావుకారు నన్ను పిలిచాడు. గట్టిగా కూడా అరవలేదు. ఈ బొమ్మలు ఎవరు పెట్టమన్నారు అని అడిగాడు. కొత్త డిజైను మగ్గమెక్కే ముందు నేసేవాడు వచ్చి, ఇది ఇట్లా మార్చు, అది అట్లా పెట్టు అని అడగడం మా దగ్గర మామూలే. ఆ మామూలే నా నోట్లోకి వచ్చింది.

"భూషణన్న అడిగినాడు సార్," అన్నాను.

అంతే. ఎంతసేపు ఆలోచించాను? ఆలోచించనే లేదు. బంతి కింద పడబోతుంటే మీట నొక్కినట్టు నొక్కేశాను. పని పోతుందన్న భయం ఒకటే. అవతల ఉన్నది ఒక మనిషి కాపురం అన్న ఊహ వచ్చిందా? రాలేదు. వచ్చి ఉంటే ఆగేవాణ్నా? ఇన్నేళ్లుగా ఈ ప్రశ్న వేసుకుంటూనే ఉన్నాను, ప్రతిసారీ వేరే జవాబు వస్తుంది, ఏ జవాబునూ నేను నమ్మను.

ఊరు వెంటనే నమ్మింది. పాత పేకాటరాయుడు కదా. "చేత్తో ముట్టనని ఒట్టేసినాడు, మగ్గంతో ముట్టినాడు," అని టీ అంగళ్ల దగ్గర నవ్వుకున్నారు. గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకోవాల్సినవాణ్ని, నేనూ ఆ గుంపులో నిలబడి టీ తాగాను. షావుకారు పట్టు ఇవ్వడం మానేశాడు. ఆయన మానేస్తే మిగతావాళ్లూ మానేశారు. సుశీలక్క అడిగితే భూషణన్న నాకేం తెలియదన్నాడట. తెలియకపోతే ఆ పిల్లోడు అబద్ధం ఎందుకు చెప్తాడని ఆమె అందట. చదువుకున్నవాడు, మంచివాడు, అక్కా అక్కా అని ఇంట్లో సంగటి తిన్నవాడు. ఆమె బట్టలు సర్దుకుని పెనుకొండలో పుట్టింటికి వెళ్లిపోయింది. కర్పూరం ఆర్పినవాడి మాటకు విలువ లేదు, నా మాటకు ఉంది.

తర్వాత ఒక రోజు ఆయన నా గదికి వచ్చాడు. కొడతాడనుకున్నాను. కొట్టి ఉంటే బాగుండేది. మంచం అంచున కూర్చుని మంచినీళ్లు అడిగాడు.

"ఊరికంతా చెప్పొద్దులేప్పా. షావుకారికీ చెప్పొద్దు, నీ పని పోతాది," అన్నాడు. "మా ఆమెకు ఒక్కదానికి చెప్పు. ఆదివారం నేను పెనుకొండ బస్టాండులో ఉంటా. నువ్వొచ్చి ఒక్క మాట చెప్పి పో. చాలు నాకు."

"వస్తాన్నా," అన్నాను.

"వస్తావు కదా?"

"వస్తా."

నేను వెళ్లలేదు.

శనివారమే రైలెక్కి హిందూపురం పోయాను. పెనుకొండలో రైలు ఆగింది. తల దించుకోవడం ఆ రోజు మొదలైంది. ఆదివారం పొద్దున్నే ఫోన్ ఆపేసి, మా ఇంట్లో పాత టీవీకి ఆ ఆట తగిలించి కూర్చున్నాను. కాసినో లెవెల్. చావు రాని లెవెల్. అమ్మ అన్నానికి పిలిస్తే వస్తానంటూనే ఉన్నాను. ఆయన అక్కడ ఎండలో, వచ్చే ప్రతి బస్సు వైపూ చూస్తూ నిలబడి ఉంటాడు. నాకు తెలుసు. తెలిసే ఆడాను. జూదరి ఎవరండీ? ముక్క ముట్టని ఆయనా, ఆయన బతుకును పణంగా పెట్టి కూర్చున్న నేనా?

ఆయన మళ్లీ అడగలేదు. అదే నన్ను చంపింది. బజార్లో ఎదురైతే తిన్నావాప్పా అనేవాడు, అంతే. మగ్గం అమ్మేసి, పెనుకొండ పక్కన ఎర్రమంచి దగ్గర ఒక హోటల్లో ప్లేట్లు కడగడానికి కుదిరాడు. అన్నేళ్లు పట్టు పోగులు పట్టిన వేళ్లు. నేనేమో బాగుపడ్డాను. ఆ ఇస్పేటుకు తొడిమె చెరిపేస్తే నిజంగానే రావి ఆకు అయింది. ఆ అంచు ఇప్పటికీ అమ్ముడుపోతోంది, నా పేరు మీద. తీసేయాల్సింది కొన్ని గళ్లే. ముందే తీసేసి ఉంటే?

కిందటి ఎండాకాలం భూషణన్న పోయాడు. జ్వరమన్నారు, ఊపిరితిత్తులన్నారు. సుశీలక్క వచ్చింది. అబద్ధాలకోరని నమ్మిన మనిషి కోసం గాజులు తీయించుకుంది. పేకాటే తినేసింది పాపం అని ఎవరో అన్నారు. నేను పక్కనే ఉన్నాను. నోరు తెరిచాను. ఏం వచ్చిందో తెలుసా? టీ తెప్పించనా అన్నాను.

ఆ తర్వాత ఒక రోజు, రైల్లో కూర్చుని ఫోన్ చూస్తుంటే, ఆ ఆట కొత్త భాగం వీడియో వచ్చింది. మళ్లీ కాసినో. మళ్లీ అవే నాలుగు బొమ్మలు, ఇప్పుడు ఇంకా మెరుస్తూ. చూడలేకపోయాను. తల ఎత్తాను. ఎదురుగా పెనుకొండ బోర్డు. దిగిపోయాను.

అడిగి అడిగి పోతే, సుశీలక్క పుట్టింటి అరుగు మీద కూర్చుని చెనిక్కాయలు ఒలుస్తోంది. రాప్పా అంది. నిలబడే చెప్పాను. కూర్చుంటే చెప్పలేనని తెలుసు. అంతా చెప్పాను, ఆదివారం సంగతితో సహా. ఆమె చేతులు ఆగలేదు. వేరుశనగ కాయ చిట్లడం, గింజలు చేటలో పడడం, అవే వినిపించాయి.

"ఆ దినం ఆయప్ప ఒంటిగా ఈడికొచ్చినాడు," అంది. "ఈ అరుగు మీదనే కూసున్నాడు. వాడొస్తాడు, చెప్తాడు, రవ్వంతసేపు చూడు అన్నాడు. నేను లోపల్నుంచే పొమ్మన్యా. తలుపు కూడా తీయలే."

నేను ఆ అరుగు నుంచి ఒక అడుగు వెనక్కి వేశాను.

ఆ ఆట ఉండాదా నీ దగ్గర, చూపీ అంది. ఫోన్‌లో ఆ వీడియో పెట్టి ఇచ్చాను. కొంగుతో చేతులు తుడుచుకుని, ఫోన్ దూరంగా పట్టుకుని చూసింది. దీపాలు, చక్రాలు, ఇస్పేట్లు, బంతిలా ఎగిరే ఆ బొమ్మ. కళ్లార్పకుండా చివరిదాకా చూసింది.

"దీంట్లో గెలిస్తే ఏమొస్తాదప్పా?"

"ఏమీ రాదక్కా."

ఫోన్ నా చేతిలో పెట్టి మళ్లీ చేట ముందుకు లాక్కుంది. పొమ్మనలేదు, ఉండమనలేదు. క్షమించమని నేను అడగలేదు. అడిగే మొహం నాకు లేదు. స్టేషనుకు నడిచి వచ్చాను.

గుండెల మీది మనిషి లేచిపోలేదు. కానీ ఆ మనిషి పేరు భూషణన్న అని ఇన్నేళ్లకు నోటితో చెప్పాను, ఇప్పుడు మీకూ చెప్పాను. కాస్త ఊపిరి ఆడుతోంది. ఆయన అడిగింది ఒక్క మాట. అదే చెప్పి వచ్చాను. ఆ మాట కోసం ఎదురుచూసిన మనిషి ఇప్పుడు బస్టాండులో లేడు.