ఓబులేసు లేనిదే లారీ కదల్లేదు

అరవై దాటినవాళ్లు పని ఎప్పుడు మానేస్తారు, ఎందుకు మానేస్తారు అని ఒక పరిశోధన సంస్థ మా జిల్లాలో సర్వే చేయిస్తోంది. ఫారానికి ఇంత అని నాకిస్తారు. ఆ ఫారంలో పెద్దవాళ్లకు రెండే గడులు: పనిలో ఉన్నారు, మానేశారు. మా మనుషుల్ని రెండు గడుల్లో కుక్కాలా అని మొదటిరోజే ఒళ్లు మండింది. అయినా ఒప్పుకున్నాను. నేను వెళ్లకపోతే ఇంకెవరో వచ్చి తోచిన గడిలో టిక్కు పెట్టి పోతారు.

ప్రొద్దుటూరులో ఆరున్నరకు పల్లెవెలుగు ఎక్కాను. ఆధార్ చూపిస్తే ఆడవాళ్లకు సున్నా టికెట్టు. మగవాళ్లు చిల్లర దగ్గర పెట్టుకోండి. ముప్పావుగంటలో జమ్మలమడుగు. బస్టాండు బయట బొరుగుల ఉగ్గాని, బజ్జీ నలభై రూపాయలు. బండి నడిపే అవ్వకు డెబ్బై ఉంటాయి. పని ఎప్పుడు మానేస్తావని అడిగితే ఇంకో బజ్జీ వేసి, తిని పొమ్మంది. ముద్దనూరు మీదుగా పులివెందుల చేరేసరికి తొమ్మిదిన్నర. అక్కడినుంచి సింహాద్రిపురం దారిలోని అరటితోటలకు షేర్ ఆటో ముప్పై రూపాయలు.

తోట దగ్గర ఢిల్లీ పోవాల్సిన లారీ ఖాళీగా నిలబడి ఉంది. కోసిన గెలలు గట్టు మీద ఎండలో ఉన్నాయి. హమాలీలేమో వేపచెట్టు కింద కూర్చున్నారు. సంగతేమిటో ఆటో డ్రైవరే చెప్పాడు. ఈ ముఠాలో పదిమంది. అందరిలో పెద్దవాడు ఓబులేసు. నడుము పట్టేశాక గెలలు మోయలేక, లారీలో కాయ నలక్కుండా గెలకూ గెలకూ మధ్య ఆకు పరుస్తున్నాడు. ముఠా కట్టుబాటు ప్రకారం కూలి మాత్రం పదిమందికీ సమానం. కొత్తగా వచ్చిన వ్యాపారి, మోసేది తొమ్మిదిమందే కాబట్టి తొమ్మిదిమందికే ఇస్తానన్నాడట.

వ్యాపారి గడియారం చూపించాడు, బతిమాలాడు, వేరే ముఠాను పిలుస్తానని బెదిరించాడు. మేస్త్రి బాషా కూర్చున్నచోటి నుంచి లేవలేదు.

"ఈ పొద్దు ఓబులేసన్నను తీసేస్తావు. రేపు నా నడుము పోతే నన్ను తీసేస్తావు. పదిమందికి ఇస్తానంటే ఎత్తుతాం సామీ, లేదంటే నువ్వే ఎత్తుకో."

"నన్ను ఇడిసిపెట్టండప్పా, మీ కూలి పోతాంది," అన్నాడు ఓబులేసు తలవంచుకుని. ఎవరూ వినిపించుకోలేదు.

పదకొండున్నరకు ఎండ ముదిరింది. కాయ పాడైపోతుందని భయపడి వ్యాపారి దిగొచ్చాడు. అందరికంటే ముందు ఓబులేసుకే చెయ్యందించి లారీ ఎక్కించారు. ఆయన ఆకు సర్దిచ్చాకే మొదటి గెల పైకి వెళ్లింది.

"ఏం రాస్తాండావు మా?" అని పైనుంచి అడిగాడు. పనిలో ఉన్నారని రాస్తున్నానన్నాను.

"ఉండా కదా," అన్నాడు, ఇంకో ఆకు అందుకుంటూ.

హమాలీకి నెల జీతం లేదు, పదవీ విరమణ లేదు. ముసలితనంలో ఆసరా ఏమిటన్న ప్రశ్నకు ఈ ముఠా ఎవరినీ అడగకుండా తనే జవాబు కట్టుకుంది. ఆ జవాబు నా ఫారంలో పట్టకపోతే తప్పు ఫారానిదే. లోడింగు చూడాలనుకునేవాళ్లు పులివెందులలో రాత్రి బస చేసి, తెల్లవారగానే తోటకు వెళ్లండి. మామూలు రోజుల్లో పదింటికల్లా అంతా అయిపోతుంది.

తిరుగు బస్సులో ఉండగా సర్వే సూపర్‌వైజర్ ఫోన్ చేస్తే ఓబులేసు సంగతి చెప్పాను. గెల ఎత్తనివాడు పని మానేసినట్టే, గడి మార్చు, లేదంటే ఆ ఫారం లెక్కలోకి తీసుకోం అన్నారు. నా సంచిలో ఇప్పటిదాకా నింపిన ఫారాలు మొత్తం ఇరవై రెండున్నాయి. ఓబులేసు ఫారం తీసుకోకపోతే మిగతా ఇరవయ్యొకటీ ఇవ్వనని చెప్పాను.