అంతోనమ్మ కలిపిన ముప్ఫై సెకన్లు

ఫిల్మ్ నగర్ బస్తీలో మెట్ల సందు చివర, మేడ మీద రెండు గదుల ఇంట్లో ఉంటుంది అంతోనమ్మ. పెళ్ళయిన ఏడాదే భర్తతో కలిసి తెనాలి వైపు నుంచి వచ్చేసింది. అప్పటి నుంచీ ఒక కాస్ట్యూమ్స్ కంపెనీలో టైలరు. రాజుల అంగీలు, పోలీసు యూనిఫారాలు, పెళ్ళికూతుళ్ళ లంగా ఓణీలు ఆమె మిషను కింద నుంచి ఎన్ని వెళ్ళాయో లెక్కలేదు. ఏ సినిమా టైటిల్స్‌లోనూ ఆమె పేరు పడలేదు. పడాలని ఆమెకు తోచనూ లేదు.

భర్త ఆనందకుమార్ ఫైటరు. బండి మీద దూకాల్సిన సీను వస్తే హీరోకి డూప్ ఆయనే. మూడేళ్ళ క్రితం రిహార్సల్లో తాడు జారి కుడిచెయ్యి కింద వేసుకుని పడ్డాడు. ఎముకలు అతుక్కున్నాయి గానీ బొటనవేలికీ, పక్కనున్న రెండు వేళ్ళకీ పట్టు పోయింది. రబ్బరు బంతి నొక్కుతూ ఉండమన్నారు డాక్టరుగారు. నాలుగు రోజులు నొక్కి బంతిని మంచం కిందికి విసిరేశాడు. ఆ తర్వాత మాట కూడా తగ్గించేశాడు.

వాళ్ళ కూతురు తబిత బంజారా హిల్స్‌లో గ్రాఫిక్స్ ఆఫీసులో పని చేస్తుంది. ఓ ఆదివారం చర్చి నుంచి వచ్చాక అటక సర్దుతుంటే పాత వీడియో గేమ్ డిస్కు దొరికింది. మోటారు సైకిల్ రేసు. తబిత ఐదో క్లాసులో ఉండగా తండ్రీ కూతుళ్ళు పోటీలు పడి ఆడిన ఆట. అప్పటి ఆట పెట్టె ఎప్పుడో పాడైపోయింది. తబిత తన లాప్‌టాప్‌లో ఎమ్యులేటర్ వేసింది. పాత పెట్టెలాగే నడుచుకుంటూ ఆ డిస్కులన్నీ ఆడించే సాఫ్ట్‌వేర్ అది. ఆట బటన్లున్న రిమోటు తండ్రి చేతిలో పెట్టింది.

ఆనందకుమార్ కళ్ళు మెరిశాయి. కానీ బండి ముందుకు పోవాలంటే కుడి బొటనవేలితో బటన్ నొక్కి పట్టాలి. వేలు జారిపోతోంది. మొదటి మలుపు దాటకముందే తెర మీద ‘టైమ్ ఓవర్’ అని పడింది. మళ్ళీ ఆడాడు. మళ్ళీ అంతే.

“ఉండు నాన్నా, దీనికి ఆటను సులువు చేసే చీట్ కోడ్లు ఉంటాయి,” అని తబిత నెట్‌లో వెతికి ఒక చిన్న ఫైలు తెచ్చి ఎమ్యులేటర్‌లో పెట్టింది. తెర మీది గడియారం అరవై సెకన్ల దగ్గర ఆగిపోయింది. ఎంతసేపు నడిపినా కదలదు. ఆనందకుమార్ తాపీగా గీత దాటాడు. గెలిచినట్టు బాణసంచా కాలింది. ఆయన రిమోటు పక్కన పెట్టేశాడు.

“గడియారమే ఆగిపోతే ఇంక రేసేంటమ్మా? ఇన్నేళ్ళూ ఒకళ్ళకి నేను డూప్ చేశాను. ఇప్పుడు నాకు డూప్ పెడతావా?”

తబిత మొహం చిన్నబోయింది. గుమ్మంలో నిలబడి చూస్తున్న అంతోనమ్మకి మాత్రం భర్త మాట సబబుగానే తోచింది.

“గడియారం ఆపకుండా కాస్త వదులు చెయ్యలేమా? ఓ పది సెకన్లు ఎక్కువిస్తే చాలుగా,” అంది.

“అలాంటిది ఎవరూ చెయ్యలేదమ్మా. ఆట మెమరీలో ఆ అంకె ఎక్కడుందో వెతికి పట్టుకోవాలి. లక్షల అంకెలుంటాయి.”

“ఎలా వెతుకుతారో చూపించు.”

తబిత చూపించింది. అరవై ఉన్న చోట్లన్నీ వెతకాలి. గడియారం యాభై ఐదుకు వచ్చాక, వాటిలో యాభై ఐదుగా మారినవేవో చూడాలి. జల్లిస్తూ పోతే రెండో మూడో మిగులుతాయి. అయితే ఆ అంకెలు మామూలుగా కనిపించవు. అరవైని 3C అని చూపిస్తుంది కంప్యూటరు. దానికి పదహారు ఒక కట్ట. మూడు కట్టలూ, పైన పన్నెండు. పది నుంచి పదిహేను దాకా అక్షరాలు, పన్నెండుకు C.

“నీకు కష్టంలే అమ్మా,” అంది తబిత.

“ఏం కష్టం? ఇంచీకి పదహారు గీతలు. మూడుముప్పావంటే అరవై గీతలేగా,” అంది అంతోనమ్మ.

తబిత వేళ్ళ మీద లెక్కపెట్టుకుని తల్లి మొహంలోకి చూసింది. మర్నాటి నుంచి లాప్‌టాప్ ఇంట్లోనే వదిలి ఆఫీసుకు వెళ్ళడం మొదలుపెట్టింది.

షూటింగులు లేని రోజులవి. అంతోనమ్మ వంట ముగించి కళ్ళజోడు పెట్టుకుని కూర్చునేది. పరుగెత్తే గడియారం రెండో రోజే దొరికింది. కానీ అందులో ఏ అంకె రాస్తే ఆ అంకె దగ్గరే బిగుసుకుపోతోంది. రేసు మొదలయ్యేటప్పుడు ఆ గడియారంలోకి అరవై ఎక్కడి నుంచి వస్తోందో కావాలి. అది దొరకడం లేదు. తోచినవన్నీ మార్చి చూసింది. ఒకసారి తెర నల్లబడింది. ఇంకోసారి రోడ్డు మాయమై, బండి ఆకాశంలోకి తలకిందులుగా ఎగిరిపోయింది.

పక్క గదిలోంచి చూస్తున్న ఆనందకుమార్ పకపకా నవ్వాడు. “ఏమే, ఆ షాట్ తీయాలంటే నాలుగు క్రేన్లు కావాలి!”

ఆయన అలా నవ్వి ఎన్నాళ్ళయిందో. అంతోనమ్మకి కోపం రాలేదు. ఆ చప్పుడుకు ఎదురింటి మల్లమ్మ తొంగి చూసింది. “ఏందక్కా, ఈ వయసుల గిట్ల గేములాడుతున్నవ్?”

“ఆడటం కాదు మల్లమ్మా, బాగుచేస్తున్నా.”

తొమ్మిదో రోజు, కొలతల పుస్తకంలో ఒక ఆర్టిస్టు పేజీ తీసి చూస్తుండగా ఆమె చెయ్యి ఆగింది. ఛాతీ, నడుము, పొడవు ఒకే వరసలో రాసి ఉన్నాయి. కొలత తీసుకున్నవాడు ఎవడూ ఒకటి ఈ పేజీలో, ఇంకొకటి ఆ పేజీలో రాయడు. రేసులో కొండ దారికి అరవై, వంతెనకు నలభై ఐదు, చివరి రోడ్డుకు యాభై సెకన్లు. ఆట తయారుచేసినవాడు కూడా ఈ మూడూ పక్కపక్కనే రాసుకుని ఉంటాడుగా!

అరవై ఒక్కటే కాకుండా మూడు అంకెలూ వరసగా వెతికింది. ఒకే ఒక్క చోటు వచ్చింది.

ఒక్కో అంకెకు పది కలిపి, తబిత చూపించినట్టే మూడు వరసల ఫైలు రాసి, ఆట మళ్ళీ మొదలుపెట్టింది. తెర మీద డెబ్బై అని పడింది. అరవై తొమ్మిది. అరవై ఎనిమిది. ఆగకుండా, న్యాయంగా తిరుగుతోంది. అంతోనమ్మ రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంది.

ఆ సాయంత్రం ఆనందకుమార్ జారుతున్న వేలితోనే, చెమటలు కక్కుతూ, చివరి క్షణాల్లో గీత దాటాడు.

“ఎంత కలిపావు?” అన్నాడు రొప్పుతూ.

“మొత్తం మీద ముప్ఫై.”

“ప్రతి ఆదివారం ఒక్కో చోట ఒక్కో సెకను తగ్గించు. నాకు చెప్పి తగ్గించు.”

అలాగే తగ్గించింది. ఆయన రోజుకు రెండు గంటలు ఆడేవాడు. ఆరో వారం వచ్చేసరికి వంతెన మీద ఇరుక్కుపోయాడు. ఇరవై రోజులైనా దాటలేదు. చెయ్యి వాచింది. “మళ్ళీ పెంచనా అండీ?” అంటే వద్దని తల ఊపాడు. మంచం కింద వెతికి రబ్బరు బంతి తానే తెచ్చుకున్నాడు. వాపు తగ్గాక ఒక మధ్యాహ్నం వంతెన దాటాడు. అక్కడి నుంచి ఇంక ఆగలేదు.

ఒక శనివారం అంతోనమ్మ ఆ ఫైలు తీసేసింది. అరవై, నలభై ఐదు, యాభై. ఆట పుట్టినప్పటి అంకెలే. మల్లమ్మ, తబిత, పలకరించడానికి వచ్చిన ఫైట్ మాస్టర్ బసవపున్నయ్య ఊపిరి బిగబట్టి కూర్చున్నారు. ఒక్క సెకను మిగిలి ఉండగా ఆనందకుమార్ గీత దాటాడు. రిమోటు కింద పెట్టి కుడిచెయ్యి గట్టిగా పిడికిలి బిగించి చూపించాడు.

“పట్టు వచ్చిందిరా!” అన్నాడు బసవపున్నయ్య. బండి దూకించే పని మళ్ళీ ఇవ్వలేనని నిజాయితీగానే చెప్పాడు. కొత్త కుర్రాళ్ళకు బండి మీద నేర్పడానికి మాత్రం సోమవారం రమ్మన్నాడు. ఆనందకుమార్ వెళ్ళాడు. ఇప్పటికీ వెళుతున్నాడు.

తబిత ముప్ఫై సెకన్లు కలిపిన ఆ మొదటి ఫైలును నెట్‌లో ఎమ్యులేటర్ వాడేవాళ్ళ పేజీలో పెట్టింది. రాసినవారి పేరు అడిగే చోట తల్లిని అడగకుండానే ‘అంతోనమ్మ, ఫిల్మ్ నగర్’ అని తెలుగులోనే కొట్టింది. తెర మీద తన పేరు చూసి అంతోనమ్మ కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ పెట్టుకుంది. ఆనందకుమార్ చూపుడువేలితో ఆ అక్షరాలు ఒక్కొక్కటే తాకి, “టైటిల్ కార్డే!” అన్నాడు. సందులో కనపడ్డవాళ్ళందరికీ ఆయనే చెప్పుకున్నాడు.

నెల తిరక్కుండా కాకినాడ నుంచి స్ఫూర్తి అనే అమ్మాయి రాసింది. వాళ్ళ తమ్ముడికి ఒక చెయ్యే పనిచేస్తుందట. ఆ ముప్ఫై సెకన్లతో మొదటిసారి రేసు పూర్తిచేశాడట. ఇంకో ఆటలో ఓడలు మరీ వేగంగా వచ్చి పడుతున్నాయి, కాస్త నెమ్మది చెయ్యగలరా ఆంటీ అని అడిగింది.

మర్నాడు కాస్ట్యూమ్స్ కంపెనీలో మేనేజరు, “అంతోనమ్మా, ఈ సాయంత్రం ఇంకో రెండు గంటలు ఉంటావా?” అన్నాడు.

“ఇవాళ కుదరదండీ,” అంది అంతోనమ్మ, కత్తెర పెట్టెలో పెట్టేసి చెప్పులు వేసుకుంటూ. “కాకినాడ వాళ్ళ ఓడల పనుంది.”