కోజో తుంటి, ఈసా కార్డు

కోజో ఎడమ కాలికి సాక్సు తొడుక్కోలేకపోయిన సాయంత్రం నేను అక్కడే ఉన్నాను. ట్రైనింగుకు ముందు గ్రౌండంతా తడిపి, పైపు చుట్టి డ్రెస్సింగ్ రూమ్ బయట పెడుతున్నాను. అతను బెంచీ మీద కూర్చుని, సాక్సు చేత్తో పట్టుకుని కాలి వైపు వంగుతున్నాడు, మళ్లీ లేస్తున్నాడు. తన పాదం ఎక్కడో పక్క ఊళ్లో ఉన్నట్టు దాని వంక చూస్తున్నాడు. చివరికి నన్ను పిలిచి తొడిగిపెట్టమన్నాడు. ఏం పెళ్లికొడుకువా, కాళ్లకు పారాణి కూడా పెట్టాలా అని ఎగతాళి చేశాను. మామూలుగా నా మాట అర్థం కాకపోయినా నవ్వే మనిషి, ఆ రోజు నవ్వలేదు. అప్పుడే నాకు ఏదో తేడాగా తోచింది.

నాది నిర్మల్ వైపు. అల్ ఖోబర్ దగ్గర ఒక చిన్న ఫుట్‌బాల్ క్లబ్బులో గడ్డి చూసుకునే పని చేశాను. క్లబ్బు ఉద్యోగిని కాను, క్లబ్బుకు మనుషుల్ని పంపే మెయింటెనెన్స్ కంపెనీ కూలీని. కోజోది ఘనా. ఆ క్లబ్బులో మిడ్‌ఫీల్డర్. వాళ్ల దేశంలో పుట్టిన వారాన్ని బట్టి పేరు పెడతారట. సోమవారం పుట్టాడు కాబట్టి కోజో. మా ఊళ్లో పుట్టి ఉంటే నువ్వు సోమన్నవే అని చెప్పాను. అప్పటి నుంచి సోమన్నా అని పిలిస్తే పలికేవాడు. మా ఇద్దరి భాష సగం అరబ్బీ, సగం ఇంగ్లీషు, మిగిలింది చేతులు.

నాకు కబడ్డీ తప్ప మరో ఆట తెలియదు. మిడ్‌ఫీల్డర్ పనేమిటో కోజోనే చెప్పాడు. బంతి నా దగ్గర ఉండిపోకూడదు, నా మీదుగా పోవాలి అనేవాడు. అవతలివాళ్ల దగ్గర లాక్కుని మనవాళ్లకు ఇచ్చెయ్యాలి. గోలు కొట్టినవాడి పేరు పేపర్లో వస్తుంది, బంతి తెచ్చిచ్చినవాడి పేరు రాదు. కానీ మ్యాచ్ అయ్యాక గ్రౌండు బాగుచేసేవాణ్ని కదా, నడిమధ్యలో గడ్డి లేచిపోయిన చోట్లన్నీ కోజోవేనని నాకు తెలిసేది. రోజూ తిట్టుకుంటూ పూడ్చేవాణ్ని.

సొంత ఊళ్లో మట్టి గ్రౌండులో మొదలుపెట్టాడు. తర్వాత యూరప్‌లో ఒక చలి దేశంలో రెండు సీజన్లు ఎక్కువగా బెంచీ మీదే గడిపాడు. అక్కడివాళ్లు వద్దనుకుంటే సౌదీకి వచ్చాడు. వయసు ముప్పైకి దగ్గర పడింది. పెద్ద డివిజన్‌లో ఒక్క కాంట్రాక్టు దొరికితే చాలు, బంతితో చేసుకున్న పెళ్లికి అర్థం ఉంటుంది అనేవాడు. అతని బతుకంతా ఆ ఒక్క కాంట్రాక్టు మీదే నిలబడి ఉంది.

అవి నితాకాత్ రోజులు. కంపెనీలో సౌదీవాళ్లు సరిపడా లేకపోతే కంపెనీకి ఎరుపు రంగు వేసేవారు. ఎరుపులో పడిన కంపెనీ మనుషులకు ఇకామా, అంటే అక్కడ ఉండటానికిచ్చే కార్డు, రెన్యూ కాదు. మా కంపెనీ ఎరుపే. నా ఇకామా తేదీ దాటిపోయింది, దాంతో పాటే ఇన్సూరెన్సూ పోయింది. ఆ పైన కుటుంబాలతో ఉన్నవాళ్లకు తలకింత అని లెవీ వేశారు. కోజో తన భార్యనూ పసిబిడ్డనూ ఘనాకు పంపించి, ఫ్లాటు ఖాళీ చేసి, అజీజియాలో మా గదికి వచ్చాడు. గదిలో నేనూ, జగిత్యాల నుంచి వచ్చిన ఎలక్ట్రీషియన్ లస్మన్నా, కోజో. పచ్చిపులుసు పోస్తే తాగి, చేప ఎక్కడ అని వెతికేవాడు.

నొప్పి గజ్జల్లో మొదలై తుంటిలోకి పాకింది. క్లబ్బు ఫిజియో గ్రోయిన్ స్ట్రెయిన్, గజ్జల్లో కండరం పట్టేసింది అని ఐసు పెట్టమన్నాడు. ఐసుతో తగ్గలేదు. మెట్లు దిగుతుంటే గోడ పట్టుకునేవాడు, గ్రౌండులో మాత్రం పరిగెత్తేవాడు. అదెలా సాధ్యమో నాకు ఇప్పటికీ అర్థం కాదు. రాస్ తనూరా వైపు ఒక పెద్ద క్లబ్బు అతన్ని ట్రయల్‌కు రమ్మంటుందన్న మాట అప్పుడే వచ్చింది. క్లబ్బు ఇన్సూరెన్సు మీద ఆస్పత్రికి వెళ్తే రిపోర్టు క్లబ్బుకు పోతుంది. తుంటి బాగోలేదని ఒక క్లబ్బుకు తెలిస్తే అన్ని క్లబ్బులకూ తెలుస్తుంది.

అందుకని ఈసా కార్డు తీసుకున్నాడు. ఈసా కూడా ఘనావాడే, దమ్మాంలో ఒక గోడౌన్లో లోడింగు పని. కోజోలాగే సన్నగా పొడుగ్గా ఉంటాడు. మాకు ఇందులో వింత ఏమీ లేదు. ఇకామా లేనివాడు ఇకామా ఉన్నవాడి కార్డు మీద చూపించుకోవడం మా గదుల్లో పక్కింట్లో చక్కెర బదులు అడిగినంత మామూలు. పాలీక్లినిక్‌లో కౌంటర్ మనిషి కార్డు మీద ఫోటో చూశాడు, కోజో ముఖం చూడలేదు. నల్లవాళ్లు అందరూ ఒక్కలాగే ఉంటారనుకునే దేశంలో మాకు ఆ పూట అదే కలిసొచ్చిందని సంతోషపడ్డాం.

అతను టాక్సీలోంచి ఒంటరిగా దిగలేకపోతున్నాడని నేనూ వెళ్లాను. డాక్టర్ మంచివాడే. కాలు పట్టుకుని లోపలికి తిప్పితే కోజో బల్ల మీద నుంచి లేచినంత పని చేశాడు. ఎక్స్‌రే తీశారు. నార్మల్. మీ వైపు మనుషులకు తుంటి నొప్పి వస్తే నేను ముందు సికిల్ సెల్ అనే రక్తపు జబ్బును అనుమానిస్తాను, ఎంఆర్ఐ కూడా చేయిస్తాను అన్నాడు డాక్టర్. అని కంప్యూటర్ వైపు తిరిగాడు. మీ అపెండిక్స్ ఆపరేషన్‌కు ముందు మా దగ్గరే టెస్ట్ చేశారు కదా, సిక్లింగ్ నెగెటివ్, గుడ్, అయితే ఇది మజిల్ నొప్పే అన్నాడు. ఇంజెక్షన్, టాబ్లెట్లు రాశాడు. మూడు నెలలు బరువులు ఎత్తకూడదు, పరిగెత్తకూడదు అని ఫైల్లో ఎక్కించాడు.

అపెండిక్స్ ఆపరేషన్ అయింది ఈసాకు. కోజో పొట్ట మీద చిన్న గీత కూడా లేదు. చొక్కా కాస్త పైకి లేపి ఉంటే ఆ డాక్టర్‌కు తెలిసిపోయేది. మాకు మాత్రం గుడ్ అన్న మాట ఒక్కటే వినపడింది. నా రక్తం శుభ్రంగా ఉందట అని కోజో ఆ రోజే భార్యకు ఫోన్లో చెప్పాడు. అది తన రక్తం కాదన్న సంగతి అతనికే గుర్తు లేదు.

ఇంజెక్షన్ బలంతో సీజన్ లాగించాడు. బడ్జెట్ లేదని క్లబ్బు కాంట్రాక్టు పొడిగించలేదు. ట్రయల్ ఎండాకాలంలో పడింది. తేలిగ్గా ఉండాలని ముందు రోజు నుంచి సరిగ్గా తినలేదు, నీళ్లు కూడా తగ్గించాడు. మధ్యాహ్నం దాటాక నాకు ఫోన్ వచ్చింది. గ్రౌండులో పడిపోయాడు, మీ మనిషిని తీసుకెళ్లండి అని. ఆడేటప్పుడు వాళ్ల మనిషి, పడిపోయాక మా మనిషి అన్నమాట. లస్మన్న కంపెనీ వ్యాన్ తీసుకొచ్చాడు. దారంతా కోజో ఛాతీ పట్టుకుని, కాళ్లు ముడుచుకుని మూలుగుతున్నాడు. అలాంటి మూలుగు నేను మనిషి నోట వినలేదు.

ఎమర్జెన్సీలో ఉన్న డాక్టర్ ఖతీఫ్ నుంచి వచ్చిన సౌదీ కుర్రాయన. చూడగానే మొదటి మాట సికిల్ ఉందా అని అడిగాడు. ఆక్సిజన్ మాస్కుతోనే కోజో తల అడ్డంగా ఊపాడు. నెగెటివ్, టెస్ట్ అయింది అన్నాడు. అబద్ధం కాదు, నమ్మే చెప్పాడు. అయితే న్యుమోనియా చూద్దాం అంటూ డాక్టర్ నర్సు వైపు తిరిగాడు. నేను నోరు తెరవబోతే లస్మన్న నా మణికట్టు పట్టుకున్నాడు.

"ఊకో. గా ఈసా పేరు నోట్లకెల్లి వచ్చిందనుకో, ఆనికి జైలే. నీ ఇకామా సుత ఖతమైంది. ఇద్దర్ని గల్సి తోల్కపోతరు."

"మరి గీడు సస్తే?" అన్నాను.

లస్మన్న చెయ్యి వదిలేశాడు. నేను డాక్టర్ దగ్గరికెళ్లి, ఆ టెస్ట్ చేసిన రక్తం ఇతనిది కాదు అని చెప్పాను. నా అరబ్బీలో ఇంకా ఘోరంగా వచ్చి ఉంటుంది. ఆయన నన్ను చూశాడు, మంచం మీద కోజోను చూశాడు. మరెవరిది అని అడిగాడు. నేను నేల చూశాను. నిజంగా భయపడ్డాను.

"నేనేమీ వినలేదు. రక్తం తియ్యండి," అన్నాడు.

రిపోర్టు వచ్చింది. సికిల్ ఉంది. ఒక జీన్ ఎస్, ఇంకోటి సీ, తల్లి నుంచి ఒకటి, తండ్రి నుంచి ఒకటి అని డాక్టర్ వేళ్లు చూపించి వివరించాడు. కొందరికి పెద్దయ్యేదాకా తెలియదట. నీళ్లు తగ్గి, ఎండలో పరిగెత్తేసరికి రక్తం ఊపిరితిత్తుల్లో అడ్డుపడింది. దాని పేరు అక్యూట్ చెస్ట్ సిండ్రోమ్. మా వైపు ఈ జబ్బు తెలియని ఇల్లు ఉండదు, అందుకే ముందుగా అడిగాను అన్నాడు. ఎక్స్‌ఛేంజ్ ట్రాన్స్‌ఫ్యూజన్ చేయాలన్నారు, అంటే ఒంట్లో రక్తం తీసి వేరే రక్తం ఎక్కించడం. రక్తం ఇవ్వడానికి లస్మన్నా నేనూ వెళ్లాం. అతనిది తీసుకున్నారు. నా ఇకామా తేదీ చూసి నన్ను పంపించేశారు. రక్తానికి కూడా ఇకామా కావాలని అప్పుడే తెలిసింది.

ఊపిరి దారికొచ్చాక తుంటికి ఎంఆర్ఐ చేశారు. అవాస్కులర్ నెక్రోసిస్, ఫెమొరల్ హెడ్ కొలాప్స్ అన్నారు. రక్తం అందక ఎముక చచ్చిపోయి, దాని మీద పరిగెత్తడం వల్ల కుంగిపోయింది. ముందే తెలిసి ఉంటే చిన్న ఆపరేషన్‌తో నిలబెట్టే ప్రయత్నం చేసేవాళ్లట. కోజో అంతా విని ఒకే ప్రశ్న అడిగాడు, వచ్చే సీజన్‌కు లేస్తానా అని.

"నడుస్తావు. ఆడవు," అన్నాడు డాక్టర్.

కోజో గోడ వైపు తిరిగి పడుకున్నాడు. మర్నాడు మెల్లగా మాట్లాడాడు. ఆ చలి దేశంలో పొద్దున ట్రైనింగులో కీళ్లు పగిలిపోయేవని, ఆగిపోతే కోచ్ అందరి ముందు బద్ధకస్తుడా అని పిలిచేవాడని చెప్పాడు. కొన్నాళ్లకు తనూ అదే నమ్మాడట. ఇన్నేళ్లూ అవతలి టీముతో కాదు, నా రక్తంతో ఆడాను సోమన్నా అన్నాడు, నా పేరు బదులు తన పేరుతోనే నన్ను పిలుస్తూ. నాకు ఏడుపొచ్చింది. అక్కడే ఏడ్చాను.

ఇక్కడితో అయిపోతే బాగుండేది. లెవీలు భరించలేక కంపెనీలన్నీ మనుషుల్ని తగ్గించుకుంటున్న కాలం. ఈసా కంపెనీ ముందు జబ్బు మనుషుల్ని ఏరింది. ఈసా ఫైల్లో తుంటి జబ్బు, బరువులు ఎత్తకూడదు అని ఉంది. ఉద్యోగం తీసేసి ఇంటికి పంపే ఫైనల్ ఎగ్జిట్ కొట్టారు. ఈసా ఆఫీసులో అందరి ముందూ గుంజిళ్లు తీసి చూపించాడట, నా తుంటికి ఏమీ లేదు చూడండి అని. కంప్యూటర్లో ఉంది కదా అన్నారట. కార్డు ఇంకొకరికి ఇచ్చానని చెబితే జైలు, మళ్లీ ఈ దేశంలో అడుగు పెట్టనివ్వరు. చెప్పలేదు.

వెళ్లేముందు మా గదికి వచ్చాడు. కోజో అప్పటికి డిశ్చార్జి అయి, కర్రల సాయంతో లేస్తున్నాడు. ఈసాను చూసి తల ఎత్తలేకపోయాడు. ఏసీ చల్లదనానికి కోజో కాళ్లు వణుకుతున్నాయి. ఈసా మంచం కింద నుంచి సాక్సులు తీసి, కింద కూర్చుని, ముందు ఎడమ కాలికి, తర్వాత కుడి కాలికి తొడిగాడు. లేచి, వాళ్ల భాషలో ఒక్క మాట చెప్పి వెళ్లిపోయాడు. ఆ మాటేమిటని నేను అడగలేదు.

కొన్నాళ్లకు కోజో వీల్‌చెయిర్‌లో విమానం ఎక్కాడు. కాగితాలు లేనివాళ్లు శిక్ష లేకుండా వెళ్లిపోవచ్చని ఆమ్నెస్టీ ప్రకటించినప్పుడు నేనూ దేశానికి వచ్చేశాను. ఇప్పుడు ఊళ్లోనే ఉంటున్నాను. కోజోకు హిప్ రీప్లేస్‌మెంట్ ఇంకా కాలేదు. ఫోలిక్ యాసిడ్ వేసుకుంటాడు, బాటిల్ పక్కన పెట్టుకుని నీళ్లు తాగుతూ ఉంటాడు. చలి తగిలితే ఇప్పటికీ నొప్పి లేస్తుంది. వాళ్లింటి పక్కనే గ్రౌండు ఉంది. మ్యాచ్ మొదలైతే కిటికీ మూసేస్తాడట, భార్య చెప్పింది. ఈసా అదే ఊళ్లో టాక్సీ నడుపుతున్నాడు. చెకప్‌కు కోజోను తనే తీసుకెళ్తాడు. ఆ కార్డు గురించి ఇద్దరూ మాట్లాడుకోరని మాత్రం నాకు తెలుసు.

గల్ఫ్‌లో ఉన్న అన్నలకూ తమ్ముళ్లకూ ఒక్కటే చెప్తాను. ఎంత అవసరమైనా ఇంకొకరి కార్డు మీద చూపించుకోకండి. ఇప్పటికే చూపించుకుని ఉంటే, ఈసారి డాక్టర్ ముందు కూర్చోగానే అది నా ఫైలు కాదు అని ముందుగా చెప్పండి. భయం వేస్తుంది, నాకూ వేసింది, అయినా చెప్పండి. మా ఆదిలాబాద్ వైపు కూడా సికిల్ ఉంది, పెళ్లికి ముందే పిల్లలకు ఆ రక్తపరీక్ష వాళ్ల పేరు మీదే చేయించండి.

ఆ పాలీక్లినిక్ కంప్యూటర్లో ఈసా తుంటి ఇప్పటికీ చెడిపోయే ఉంటుంది. కోజో పేరు కొట్టి చూస్తే ఏమీ రాదు. అక్కడ అతనికి ఏ జబ్బూ లేదు.