2417 నంబరు ఫోటో

దయ్యాలను నేను ఏనాడూ నమ్మలేదు. ఉదయగిరిలో నాది ఫోటో స్టూడియో. చుట్టుపక్కల ఎవరు పోయినా దండ వేసే ఫోటో నా దగ్గరే పెద్దది చేయిస్తారు. దయ్యాలే ఉంటే ముందు నా మీదికే రావాలి కదా, ‘నా ముక్కు ఇట్టా పెట్టినావేందిరా’ అని పోట్లాడటానికి. ఇన్నేళ్లలో ఒక్కటీ రాలేదు. ఎనిమిదో తరగతితో బడి మానేసినా, ఈ మాత్రం ఆలోచన నాకూ ఉంది.

ఇప్పుడు చెప్పేది పట్టపగలు జరిగింది.

పోయిన ఎండాకాలం ఒక పొద్దున కొండాపురం పక్క పల్లె నుంచి మంగమ్మవ్వ వచ్చింది. గొర్రెలు కాసుకునే ఓబులేసు తాత భార్య. తాత పోయాడు, మర్నాడే పెద్దకర్మ. అవ్వ చేతిలో నా స్టూడియో కవరు ఉంది. దాని మీద నా చేతిరాతతో 2417. లోపల ఖాళీ. పింఛను కోసం తీయించుకున్న ఫోటోలన్నీ దరఖాస్తులకే అంటించేశారట. తాత జన్మకంతా అదొక్కటే ఫోటో.

“ఆ మిషన్లో ఉంటాది గదా నాయనా, అదే పెద్దది చేసియ్యి” అంది.

ఉండదు. రెండు నెలల ముందు డిస్కు నిండిపోతే, పాత పాస్‌పోర్టు ఫోటోలన్నీ నేనే తుడిచేశాను. ఆ మాట చెప్పడానికి నోరు రాలేదు. పది గంటలకే కరెంటు పోయింది. సాకు దొరికింది.

“కరెంటు రానీ అవ్వా, వెతుకుతా” అన్నాను. ఇద్దరం గుమ్మం దగ్గర బల్ల మీద కూర్చున్నాం. పన్నెండు దాటినా కరెంటు రాకపోతే, సామాన్లు కొనుక్కొని సాయంత్రం వస్తానని అవ్వ బజారుకు వెళ్లింది.

కాసేపటికి కరెంటు వచ్చింది. కంప్యూటర్ వేస్తే, తెర మీద నేనెప్పుడూ చూడని ఫైలు ఒకటి. పేరు 2417.

చెయ్యి మౌసు మీదికి పోయింది కానీ నొక్కలేదు. ఇంకా ఎవరికీ ఇవ్వని పెళ్లి ఫోటోలు పదకొండు ఇళ్లవి అందులోనే ఉన్నాయి. ఆత్మకూరులో కంప్యూటర్లు బాగుచేసే రమణ బావకు ఫోన్ చేశాను.

“పేరు చివర ఏముండాదో చూడరా.”

“ఈఎక్స్‌ఈ అని ఉండాది బావా.”

“ఫోటో అయితే జేపీజీ అనుండాల. అది ప్రోగ్రాం. నొక్కినావంటే పదకొండు పెళ్లిళ్లూ పెటాకులే. పెన్‌డ్రైవులో వేసుకోని బస్సెక్కు.”

బావ దాన్ని పోలీసులు దొంగను విచారించినట్టు విచారించాడు. ఎవరు తయారుచేశారో చూశాడు, ఖాళీ. రెండు యాంటీవైరస్‌లతో వెతికించాడు, ఏమీ దొరకలేదు. నెట్‌లో పదుల కొద్దీ యాంటీవైరస్‌లు ఒకేసారి చూసే చోట పెట్టాడు. ఒక్కటీ తప్పు పట్టలేదు.

“అయితే మంచిదేనా బావా?”

“మంచిదని ఎవురు చెప్పినార్రా? వీళ్లకు తెలిసిన దొంగ కాదు, అంతే.”

ఫైలు మీద టైము పదకొండూ పది. అప్పటికి కరెంటు లేదు, నా షాపులో ఇన్వర్టరూ లేదు. కంప్యూటర్ గడియారం తప్పయి ఉంటుందన్నాడు బావ. షాపుకు తిరిగొచ్చాక సెల్‌ఫోన్ పక్కన పెట్టి చూశాను. నిమిషం తేడా లేదు.

చివరికి బావ మూలనున్న పాత కంప్యూటర్ తీశాడు. అంతా తుడిచేసి కొత్తగా చేసినది, పోయినా బాధ లేనిది. నెట్ వైరు పీకి, అందులో ఆ ఫైలు మీద నొక్కాడు. తెర మీద చిన్న కిటికీ తెరుచుకుంది. మూట విప్పినట్టు ఒకే ఒక ఫోటో బయటపడింది.

ఓబులేసు తాత. తల మీద ఎర్ర తలపాగా.

పింఛను ఫోటో తీసిన రోజు నేను తాతతో తలపాగా తీయించాను. పింఛనుకు తల కనపడాలి. ఆయన ఎంతకీ తీయకపోతే, “ఏంది తాతా, కింద కోడిగుడ్లు దాచినావా?” అన్నాను. వరుసలో ఉన్నవాళ్లంతా పగలబడి నవ్వారు. తాత నవ్వలేదు. మెల్లగా తీసి ఒళ్లో పెట్టుకున్నాడు. నేను తీసింది ఒక్కటే ఫోటో, ఉత్త తలతో.

“తలపాగాతోనూ ఒకటి తీసి మర్చిపోయి ఉంటావులేరా” అన్నాడు బావ. మూట కట్టిందెవరని అడిగితే మాత్రం, ఫోటోను పెన్‌డ్రైవులో వేసి నా చేతిలో పెట్టాడు.

సాయంత్రం నేను పెద్దది చేసిచ్చిన ఫోటోను అవ్వ రెండు చేతులతో పట్టుకొని చాలాసేపు చూసింది.

“తలపాగాతో తీసినావా నాయనా! మంచి పని చేసినావు. ఆ పొద్దు పదిమందిలో తల బోడి చేసినారని, ఇంటికొచ్చి రెండు దినాలు సరిగ్గా అన్నం తినలా ఆయన.”



పెన్‌డ్రైవు ఇప్పటికీ నా దగ్గరుంది. అప్పుడప్పుడూ బావ దుకాణంలో తెరిచి చూస్తాం. అదే కిటికీ, అదే ఫోటో. దయ్యమని ఇప్పటికీ అనను. మరి ఏమిటంటే చెప్పలేను.

జోకులు మానలేదు. కానీ తలపాగాతో ఎవరు వచ్చినా ముందు అలాగే ఒకటి తీస్తాను. ఆ తర్వాతే తలపాగా తీయమంటాను. వాళ్లు తీసి మళ్లీ చుట్టుకునే దాకా నోరు విప్పను.